రాప్టర్ బొమ్మల పెట్టె: ఒక సమీక్ష

పిల్లల కోసం కొన్న ఈ రాప్టర్ డైనోసార్ల బొమ్మల పెట్టెలో ప్లాస్టిక్ దృఢంగా, రంగులు ఇంపుగా ఉన్నాయి. అయితే వాడుకలో రాప్టర్లని పిలిచే వాటిని శాస్త్రం డ్రోమియోసారిడే అనే కుటుంబంగా గుర్తిస్తుంది. నడిచేటప్పుడు అరిగిపోకుండా పైకెత్తి ఉంచే, కాలి రెండవ వేలి కొడవలి గోరు వాటి ముఖ్య లక్షణం కాగా, ఈ బొమ్మల్లో వేళ్లన్నీ నేలకు ఆనే ఉన్నాయి. పేరు చివర రాప్టర్ అనే మాట ఉందని ఓవిరాప్టర్‌ను చేర్చడం అంతకంటే పెద్ద లోపం, ఎందుకంటే అది వేరే శాఖకు చెందినది. 1969లో శిలాజ శాస్త్రవేత్త జాన్ ఆస్ట్రమ్ వర్ణించిన డైనోనికస్ మాత్రం, ఈ కుటుంబాన్ని అర్థం చేసుకోవడానికి ఎంతో కీలకమైనదైనా, పెట్టెలో లేదు. వెలాసిరాప్టర్ ముంజేతి ఎముకపై ఈకల మొదళ్లు అతుక్కునే బొడిపెలు ఉన్నట్లు 2007లోనే వెల్లడైనా, దానికి ఒక్క ఈకైనా చెక్కకపోవడం నాకు నిజంగా బాధ కలిగించింది.