లోక్‌తాక్: నేల తేలే చోట ఎక్కడ ఉండాలి, ఏం చూడాలి

లోక్‌తాక్ సరస్సు ఫోటోలు ఫోన్లలో తెగ తిరుగుతుంటాయి. నీళ్ళ మీద పచ్చటి గుండ్రటి వలయాలు, ఎవరో ఊహించి గీసిన వేరే లోకంలా ఉంటాయి. మణిపూర్ బయల్దేరే ముందే తెలుసుకోవాల్సింది ఏంటంటే, పడవలో కూర్చుంటే ఆ వలయాలు కనబడవు. పైనుంచి చూడాలి. పైగా అవి వాటంతట అవి ఏర్పడినవి కావు. చేపల కోసం జాలర్లు తేలే గడ్డిని కోసి గుండ్రంగా కట్టుకున్నవి. అసలు వింత ఆ గడ్డిదే. అక్కడివాళ్ళు దాన్ని ఫుమ్డి అంటారు.

నీటిమొక్కలు, వేళ్ళు, మట్టి, సగం కుళ్ళిన ఆకులు ఏళ్ళ తరబడి అల్లుకుపోయి మందపాటి పొరగా మారతాయి. కొన్నిచోట్ల ఆ పొర రెండు మీటర్ల దాకా ఉంటుంది. అందులో ఐదో వంతు మాత్రమే నీటిపైన ఉంటుంది, మిగతాదంతా కిందే. చిన్న ముక్కలు గాలికి చోటు మారుతుంటాయి. నిన్న చూసిన దారి ఇవాళ మూసుకుపోవచ్చు. అందుకే పడవ నడిపేవాడు ఆ ఊరివాడై ఉండాలి.

హైదరాబాద్ నుంచి కోల్‌కతా మీదుగానో గువాహటి మీదుగానో విమానంలో ఇంఫాల్ చేరొచ్చు. 2020 జనవరి నుంచి బయటి రాష్ట్రాలవాళ్ళకి ఇన్నర్ లైన్ పర్మిట్ (రాష్ట్రంలోకి రావడానికి అనుమతి పత్రం) తప్పనిసరి. ముందే ఆన్‌లైన్‌లో తీసుకుంటే విమానాశ్రయంలో క్యూ తప్పుతుంది. అక్కణ్ణుంచి సరస్సు ఒడ్డున ఉన్న మొయిరాంగ్ దాదాపు 45 కిలోమీటర్లు.

చాలామంది ఇంఫాల్‌లో దిగి, పొద్దున కారులో వెళ్ళి సాయంత్రానికి వచ్చేస్తారు. మేమూ మొదట అదే చేశాం. హోటల్ వాళ్ళు కుదిర్చిన కారతను సెండ్రా కొండ దగ్గర దింపి, గంట తిరక్కముందే "ఇంకేముంది చూడటానికి, పదండి" అన్నాడు. పూర్తి రోజు డబ్బులు మాత్రం ముక్కుపిండి వసూలు చేశాడు. సెండ్రా మీద నుంచి చూస్తే సరస్సు నిజంగానే అద్భుతంగా ఉంటుంది, ఆ వలయాలు కాస్తయినా కనబడేది అక్కణ్ణుంచే. కానీ రెయిలింగులు, సెల్ఫీ గుంపులు, టీ కొట్టు అన్నీ దాటుకుని చూడాలి. వయసైనవాళ్ళు, చిన్నపిల్లలు ఉంటే సెండ్రాయే సుఖం. లేకపోతే థాంగా వైపో, కరాంగ్ వైపో జాలర్ల ఊళ్ళలో బస వెతుక్కోండి.

మాకు థాంగా వైపు దొరికిన హోమ్‌స్టే గది చిన్నది. బాత్రూమ్ బయట, వేడినీళ్ళు బకెట్‌లో. అయినా మళ్ళీ వెళ్తే అక్కడే ఉంటాను. ఎందుకంటే ఈ సరస్సు చూడాల్సింది తెల్లవారుజామున. దేశానికి తూర్పు కొస కాబట్టి డిసెంబరులో ఆరింటికల్లా వెలుగొచ్చేస్తుంది, సాయంత్రం నాలుగున్నరకే పొద్దుగుంకుతుంది. తొమ్మిదింటికి టిఫిన్ చేసి తీరిగ్గా బయల్దేరే మన అలవాటు అక్కడ పనికిరాదు. స్వెటర్లు తప్పనిసరి. ఇంకో మాట, కరాంగ్‌ని 2017లో దేశంలో తొలి నగదు రహిత దీవిగా ప్రకటించారు. మీరు మాత్రం నగదు పట్టుకెళ్ళండి.

పడవ సన్నగా, లోతు తక్కువగా ఉంటుంది. కదలకుండా కూర్చోవాలి. ఎక్కేముందే బేరం ఆడుకోండి, "ఫుమ్డి మీద దించుతావా" అని కూడా అప్పుడే అడగండి. మందంగా ఉన్నచోట అతను ముందు దిగి, కాలితో నొక్కి చూసి, తర్వాత మమ్మల్ని రమ్మన్నాడు. వదులైన నులక మంచం మీద నించున్నట్టే ఉంది. ఒక అడుగు వేస్తే పక్కనున్న రెల్లు కూడా ఊగింది. నాకైతే టికెట్ డబ్బులన్నీ అక్కడే వసూలైపోయాయి.

సరస్సుకి దక్షిణాన కైబుల్ లామ్‌జావో జాతీయ ఉద్యానం ఉంది. ప్రపంచంలో నీటిమీద తేలే జాతీయ ఉద్యానం ఇదొక్కటే అంటారు. వైశాల్యం దాదాపు 40 చదరపు కిలోమీటర్లు, 1977లో ప్రకటించారు. సంగాయ్ అనే జింక సహజంగా బతికేది ఇక్కడే. 1951లో అంతరించిపోయిందనుకున్నారు, రెండేళ్ళకి మళ్ళీ కనబడింది. 1975 లెక్కలో 14 తేలాయి, 2016 నాటికి 260 అయ్యాయి. వాచ్‌టవర్ నుంచి చూస్తే దూరంగా గోధుమరంగు చుక్కల్లా కనబడతాయి, అదీ పొగమంచు విడిచాక. బైనాక్యులర్స్ లేకుండా వెళ్తే డబ్బు దండగ. జూలోలా దగ్గర్నుంచి చూద్దామనుకునేవాళ్ళు ఈ ఒక్కటి వదిలేయొచ్చు.

పడవతను చెప్పిన సంగతి ఏ టూరిస్టు బోర్డు మీదా కనబడలేదు. ఒకప్పుడు ఎండాకాలంలో నీళ్ళు తగ్గి ఫుమ్డి అడుగుకు దిగేదట. అప్పుడు వేళ్ళు సరస్సు అడుగు మట్టిలోంచి బలం తీసుకునేవి, వానలకి మళ్ళీ పైకి తేలేది. 1983లో జలవిద్యుత్తు కోసం ఇథాయ్ బ్యారేజీ వచ్చాక ఏడాది పొడుగునా నీటిమట్టం ఎక్కువగానే ఉంటోంది. ఫుమ్డి కిందికి దిగడం లేదు, పలచబడుతోంది. పలచబడితే జింకల బరువు మోయలేదు. ఒడ్డు పొలాలు మునిగి చాలామంది చేపల మీదే బతకాల్సొచ్చింది. 2006లో సరస్సు రక్షణ చట్టం తెచ్చారు. దాని కింద 2011లో ఫుమ్డిల మీద జాలర్లు వేసుకున్న వందల గుడిసెల్ని అధికారులు తగలబెట్టారు. అదే 2006లో మన కొల్లేరులో చేపల చెరువుల గట్లు పేల్చేశారు. అక్కడి గొడవ ఎరిగినవాళ్ళకి ఇక్కడ ఎవరిది తప్పని అడగబుద్ధి కాదు.

తిండి సంగతికొస్తే, చేపలు తినేవాళ్ళకి పండగే. శాకాహారులు ముందే చెప్పాలి. ఉడికించి మెదిపిన కూరల ఎరోంబాలో కూడా పులియబెట్టిన చేప ఙారి వేస్తారు. వాసనకి అలవాటు పడాలి, నేను పడ్డాను, మా ఆవిడ పడలేదు. ఆమెకి చేప లేకుండా చేసిన సింజు అనే కూరగాయల సలాడ్, నల్లబియ్యం చాక్‌హావ్ పాయసం బాగా నచ్చాయి. ఆ బియ్యం ఇంఫాల్‌లో ఆడవాళ్ళే నడిపే ఇమా మార్కెట్‌లో కొన్నాం.

మొయిరాంగ్‌లో ఆజాద్ హింద్ ఫౌజ్ మ్యూజియానికి ఓ గంట చాలు. 1944 ఏప్రిల్ 14న ఆ ఫౌజ్ జెండా ఎగరేసిన ఊరు ఇది.

మేం వెళ్ళింది 2023 మేలో మణిపూర్‌లో జాతుల మధ్య ఘర్షణలు మొదలవక ముందు. మొయిరాంగ్ పరిసరాలు కూడా వాటివల్ల బాగా దెబ్బతిన్నాయి. కాబట్టి టికెట్లు తీసుకునే ముందు అక్కడ ఉండేవాళ్ళతో మాట్లాడండి. హోమ్‌స్టేకి ఫోన్ చేసి రోడ్ల సంగతి, రాత్రి ప్రయాణం సంగతి విడిగా అడగండి. నవంబరు నుంచి మార్చి దాకా సీజన్. వానాకాలంలో వెళ్ళకపోవడమే నయం.