రోజుకో సెకనా, రోజూ ఐదు నిమిషాలా?

రోజూ వీడియో డైరీ పెట్టాలనుకునేవాళ్లు సాధారణంగా రెండు పద్ధతుల మధ్య ఊగుతుంటారు. ఒకటి, ఆ రోజులోంచి ఒక్క సెకను క్లిప్ దాచుకోవడం. రెండోది, కెమెరా ముందు కూర్చుని ఓ ఐదు నిమిషాలు మాట్లాడటం.

సెకను పద్ధతి తేలిక. ఏడాదంతా కలిపినా 6 నిమిషాల 5 సెకన్లే, ఎవరైనా ఓపిగ్గా చూస్తారు. అమెరికన్ ఫొటోగ్రాఫర్ నోవా కలీనా 2000 జనవరి నుంచి రోజూ తన ముఖం ఫొటో తీసుకుని, 2006లో వాటిని వీడియోగా యూట్యూబ్‌లో పెట్టాడు. అదీ ఇంచుమించు ఈ కోవదే. మనిషి మారడం కనిపిస్తుంది, ఏమనుకున్నాడో తెలియదు.

మాటల డైరీలో దొరికేది సరిగ్గా అదే: గొంతు, తడబాటు, ఆ రోజు టెన్షన్, తర్వాత మనకే గుర్తుండని అభిప్రాయాలు. అందుకే నా ఓటు దీనికి. కానీ జాగా బాగా తింటుంది. ఐఫోన్‌లో 1080పీ వీడియో నిమిషానికి సుమారు 60 ఎంబీ అనుకున్నా, ఏడాదికి దాదాపు 110 జీబీ. వెతుక్కోవడం ఇంకో తలనొప్పి. ఫైలు పేరులో తేదీతో పాటు విషయం కూడా రెండు ముక్కల్లో రాసుకోవాలి.

ఆన్‌లైన్‌లో పెట్టేటప్పుడు మాత్రం సెకను క్లిప్పే నయం. ఇంటి నంబరు, పిల్లల యూనిఫాం కనబడకుండా చూసుకుంటే దాదాపు సరిపోతుంది. మాటల్లో పక్కవాళ్ల సంగతులూ దొర్లుతాయి (వాళ్లనెవరు అడిగారు?). పైగా జనం చూస్తారని తెలిస్తే మాట తీరే మారిపోతుంది. యూట్యూబ్‌లో అన్‌లిస్టెడ్ అంటే రహస్యం కాదు, లింకు చేతికందిన ఎవరైనా చూడొచ్చు. మాటల డైరీని ప్రైవేట్‌లోనే పెట్టండి, ఇంకో కాపీ హార్డ్ డిస్క్‌లో ఉంచుకోండి.