మోల్డ్‌ఫ్లోనా, మోల్డెక్స్ త్రీడీనా: వార్పేజ్ దగ్గరే తేల్చుకోండి

కొత్త వెర్షన్ వచ్చిన ప్రతిసారీ బాలానగర్‌లో మౌల్డులు తయారుచేసే టూల్‌రూమ్ మిత్రులు అడిగేది ఒకటే, ఆటోడెస్క్ వాళ్ల మోల్డ్‌ఫ్లో తీసుకోవాలా, తైవాన్ నుంచి వచ్చే మోల్డెక్స్ త్రీడీ తీసుకోవాలా అని. రెండూ కరిగిన ప్లాస్టిక్ మౌల్డ్‌లో ఎలా నిండుతుందో, చల్లారాక పార్టు ఎంత వంకర తిరుగుతుందో (అదే వార్పేజ్) ముందే లెక్కేసి చూపే సాఫ్ట్‌వేర్లు. షార్ట్ షాట్ (మౌల్డ్ పూర్తిగా నిండకపోవడం) వస్తుందా, వెల్డ్ లైన్ (రెండు ప్రవాహాలు కలిసిన చోటి గీత) ఎక్కడ పడుతుంది, గేట్ (ప్లాస్టిక్ లోపలికి వెళ్లే దారి) ఎటు జరపాలి, ఇంతవరకే మీ పని అయితే ఏదైనా ఒకటే, ఎక్కువ ఆలోచించకండి.

మెష్ (లెక్క కోసం పార్టును చిన్న ముక్కలుగా విడగొట్టడం) విషయంలో నా ఓటు మోల్డెక్స్‌కే. గోడ పక్కన పొరలుగా వేసే బౌండరీ లేయర్ మెష్ వల్ల పలుచని పార్టుల్లో షియర్ హీటింగ్ (వేగంగా పారేటప్పుడు లోపలి రాపిడికి ప్లాస్టిక్ వేడెక్కడం) బాగా పట్టుకుంటుంది. మోల్డెక్స్ వాళ్ల మెషీన్ క్యారెక్టరైజేషన్ కూడా నచ్చింది. మనం ఇచ్చిన స్పీడును మెషీన్ ఆ క్షణానే అందుకున్నట్టు మామూలుగా లెక్కేస్తారు కదా, పాత హైడ్రాలిక్ మెషీన్ ఎక్కడ అందుకుంటుంది? ఆ ఆలస్యాన్ని కొలిచి లెక్కలో కలుపుతారు. మోల్డ్‌ఫ్లోను క్లౌడ్‌లో నడపొచ్చు, మన కంప్యూటర్ ఖాళీగా ఉంటుంది, కానీ దానికి వేరే ఖర్చు, పైగా డిజైన్ బయటికి పంపడానికి కస్టమర్ ఒప్పుకోవాలి.

నా మట్టుకు అసలు తేల్చేది మెటీరియల్ డేటా. 30 శాతం గ్లాస్ ఫైబర్ ఉన్న నైలాన్ 66 కవర్ తీసుకోండి. మెటీరియల్ పారిన దిశలో తక్కువ, అడ్డంగా ఎక్కువ ష్రింక్ అవుతుంది, పార్టు వంకర తిరిగేది అందుకే. ఆ వంకర సరిగ్గా తెలియాలంటే విస్కాసిటీ (చిక్కదనం), పీవీటీ (ఒత్తిడి, వేడి మారితే ఘనపరిమాణం ఎలా మారుతుందో చెప్పే డేటా) ఉంటే చాలదు, మీరు వాడే ప్లాస్టిక్ గ్రేడ్‌తోనే నమూనాలు మౌల్డ్ చేసి ష్రింకేజ్ కొలిచిన డేటా కావాలి. మోల్డ్‌ఫ్లోలో ఆ డేటాతో ష్రింకేజ్ లెక్కను సరిదిద్దే మోడల్‌ను క్రిమ్స్ అంటారు. ఫిల్లింగ్, ప్యాకింగ్ (నిండాక ఒత్తిడితో ఇంకాస్త నింపడం), వార్పేజ్‌లకు డేటా ఎంత బాగుందో చెప్పే గోల్డ్, సిల్వర్, బ్రాంజ్ గుర్తులు కూడా విడివిడిగా ఉంటాయి. ఫిల్లింగ్‌కు గోల్డ్, వార్పేజ్‌కు బ్రాంజ్ ఉన్న గ్రేడ్‌తో వచ్చిన రంగుల బొమ్మ చూసి మౌల్డ్ స్టీల్‌లో కాంపెన్సేషన్ (వంకరను సరిచేసేలా ముందే ఎదురు వంపు) ఇవ్వకండి బాబూ. డేటా ఎంత నమ్మదగిందో ఇలా ముఖం మీదే చెప్పడం వల్లే, గ్లాస్ ఫిల్డ్ పనులకు నేను మోల్డ్‌ఫ్లో వైపు మొగ్గుతాను. లోకల్ కాంపౌండర్ (ప్లాస్టిక్‌లో గ్లాస్ లాంటివి కలిపి అమ్మేవాళ్లు) గ్రేడ్ వాడేవాళ్లకు రెండింట్లోనూ డేటా దొరకడం కష్టం, కొత్త వెర్షన్‌కు పెట్టే డబ్బు ఆ గ్రేడ్ టెస్టింగ్‌కు పెట్టడం మేలు.

ఇలాంటి సాఫ్ట్‌వేరే అయిన సాలిడ్‌వర్క్స్ ప్లాస్టిక్స్ డిజైనర్‌కు మొదటి చెక్‌గా చాలు. రబ్బరు, లిక్విడ్ సిలికాన్ చేసేవాళ్లు సిగ్మాసాఫ్ట్ కూడా చూడొచ్చు, మౌల్డ్ మొత్తం వేడెక్కే తీరును సైకిల్ తర్వాత సైకిల్ లెక్కేస్తుంది.

డెమోకు వచ్చినవాళ్లు తమ పార్టు చూపిస్తామంటే వద్దనండి. మీరు ఇప్పటికే నడుపుతున్న టూల్ మోడల్, గ్రేడ్ పేరు, ప్రాసెస్ సెట్టింగులు ఇవ్వండి, అసలు పార్టు కొలతల రిపోర్టు మాత్రం వాళ్ల రిజల్ట్ వచ్చేదాకా బయట పెట్టకండి, వచ్చాక రెండూ పోల్చి చూడండి.