స్ట్రాట్‌ఫర్డా, హావర్తా, ఈమా: ఇంగ్లండ్‌లో ఒక్క ఊరే చూపించాలంటే ఏది మేలు?

ఏటా వేసవిలో ఇండియా నుంచి పెద్దవాళ్ళు రావడం మొదలవగానే ఇక్కడి తెలుగువాళ్ళు నన్ను అడిగే ప్రశ్న ఒకటే. లండన్ చూపించేశాం, ఇక చరిత్ర ఉన్న చిన్న ఊరు ఏదైనా చూపించాలి, ఒక్క రోజే సెలవు దొరికింది, ఎటు వెళ్ళమంటారు? ఈ ఏడు మా అత్తగారూ మామగారూ వచ్చినప్పుడు నేను కూడా ఇదే తేల్చుకోవాల్సి వచ్చింది. స్ట్రాట్‌ఫర్డ్, హావర్త్ ఇదివరకు చూసినవే. అయినా వాళ్ళని ఈమ్‌కి తీసుకెళ్ళాను. ఎందుకో చెబుతాను. మిగతా రెండూ ఎవరికి నప్పుతాయో కూడా చెబుతాను.

షేక్‌స్పియర్ ఎవరు, నవలలు రాసిన ముగ్గురు బ్రాంటీ అక్కచెల్లెళ్ళు ఎవరు అన్నది మీకు తెలిసిందే, అక్కణ్ణుంచి మొదలుపెట్టను. ఊరు ఎంచుకునేటప్పుడు నేను చూసేది ఒకటే: అక్కడ పేరున్న మనిషి ఒక్కరే కనిపిస్తారా, ఆ మనిషి బతికిన ఊరు కూడా కనిపిస్తుందా? చాలాచోట్ల మనం చేసేది ఏమిటంటే, గొప్పవాళ్ళ ఇంట్లోకి టికెట్ కొని వెళ్ళి, మంచం చూసి, బల్ల చూసి, బయటికొచ్చి టీ తాగి రైలెక్కేస్తాం. వాళ్ళ పక్కింట్లో ఎవరుండేవారు, ఆ వీధిలో ఏం పనులు చేసుకుని బతికేవారు, ఏ జబ్బులతో పోయేవారు అన్నది తెలియకుండానే వచ్చేస్తాం. నా దృష్టిలో ఊరి చరిత్ర అంటే అదే.

ముందు షేక్‌స్పియర్ ఊరు స్ట్రాట్‌ఫర్డ్. సౌకర్యంలో దీనికి సాటి లేదు. లండన్ మారిల్‌బోన్ నుంచి, బర్మింగ్‌హామ్ నుంచి రైళ్ళున్నాయి. ఊరు చదునుగా ఉంటుంది, మోకాళ్ళ నొప్పులున్నవాళ్ళు కూడా నడవగలరు, నది ఒడ్డున కూర్చోవడానికి బోలెడు చోటుంది. హెన్లీ వీధిలో ఆయన పుట్టిన ఇల్లు 1847లో వేలానికి వస్తే జాతి తరఫున కొని కాపాడారు. హోలీ ట్రినిటీ చర్చిలో సమాధి ఉంది. మధ్యలో న్యూ ప్లేస్ అనే చోట ఆయన కొనుక్కున్న పెద్ద ఇల్లు ఉండాలి గానీ లేదు. తర్వాతి యజమాని ఫ్రాన్సిస్ గాస్ట్రెల్ అనే పాదిరీ 1759లో దాన్ని పడగొట్టించాడు. ఇప్పుడు అక్కడ తోట ఉంది.

ఇవన్నీ బాగుంటాయి. కానీ ఊరంతా ఒక్క పేరు మీదే నడుస్తుంది. దుకాణం బోర్డు మీద ఆయనే, బిస్కెట్ డబ్బా మీద ఆయనే. మిగతా జనం ఏమయ్యారా అనిపిస్తుంది. స్ట్రాట్‌ఫర్డ్‌కే వెళ్ళేవాళ్ళకి నేను చెప్పేది ఒకటే: న్యూ ప్లేస్ ఎదురుగా మూల మీద ఉన్న గిల్డ్ చాపెల్ అనే చిన్న చర్చిలోకి తప్పకుండా వెళ్ళండి. షేక్‌స్పియర్ తండ్రి జాన్ చేతితొడుగులు కుట్టేవాడు. ఆ ఊళ్ళో ఆయన గురించి దొరికే మొదటి రికార్డు 1552లో హెన్లీ వీధిలో చెత్తకుప్ప పోసినందుకు కట్టిన జరిమానా. అదే మనిషి పదేళ్ళు తిరిగేసరికి ఊరి ఖజానా చూసే స్థాయికి వచ్చాడు. ఈ చాపెల్ గోడల మీది పాత కాథలిక్ మతం బొమ్మలకి సున్నం వేయించిన ఖర్చు ఆయన లెక్కల్లోనే కనిపిస్తుంది. కొడుకు పుట్టినది కూడా సరిగ్గా ఆ రోజుల్లోనే. రాజ్యం మతం మారితే ఒక చిన్న ఊళ్ళో సున్నం బక్కెట్‌తో సహా ఏం జరిగిందో ఆ గోడ ముందు నిలబడితే అర్థమవుతుంది. పుట్టిన ఇల్లు చూసినప్పటికంటే నాకు అక్కడే ఎక్కువ తెలిసింది. గైడ్ గుంపులు మాత్రం దాన్ని బయటి నుంచే చూపించి ముందుకు సాగిపోతాయి.

హావర్త్ సంగతి వేరు. యార్క్‌షైర్ కొండల్లో, రాళ్ళు పరిచిన నిటారు వీధి. పెద్దవాళ్ళకి ఆ ఎక్కుడు కష్టమే, వానపడితే జారుతుంది కూడా. పిల్లలుంటే కీథ్లీ నుంచి ఆవిరి ఇంజన్ రైల్లో వెళ్ళొచ్చు, వాళ్ళకి అదే పండగ. బ్రాంటీలు ఉన్న ఇల్లు 1928 నుంచి మ్యూజియం. లోపల ఆ ముగ్గురి బట్టలు, చిన్నప్పుడు రాసుకున్న బుల్లి పుస్తకాలు చూస్తుంటే ఎవరికైనా మనసు కదులుతుంది. అయితే ఇంట్లోంచి బయటికి రాగానే ఎదురయ్యే శ్మశానం దగ్గర కాసేపు ఆగాలని నా అభిప్రాయం.

ఆ శ్మశానం పక్కనున్న చర్చి పాదిరీ, ఆ అక్కచెల్లెళ్ళ తండ్రి పాట్రిక్ బ్రాంటీ. ఊళ్ళో మంచినీళ్ళు సరిగ్గా లేవని, మురుగు వీధుల్లో పారుతోందని ప్రభుత్వానికి అర్జీల మీద అర్జీలు పెట్టాడు. చివరికి 1850లో బెంజమిన్ హెర్షల్ బాబేజ్ అనే ఇన్‌స్పెక్టర్ వచ్చి చూసి నివేదిక రాశాడు. పుట్టిన పిల్లల్లో నూటికి నలభై మందికి పైగా ఆరేళ్ళు నిండకుండానే పోతున్నారు. ఊళ్ళో చనిపోయేవాళ్ళ సగటు వయసు 26 ఏళ్ళ లోపు. ఉన్ని దువ్వే పనివాళ్ళు కిటికీలు మూసుకుని, పొయ్యి వేడిలోనే పనిచేసి, ఆ గదిలోనే పడుకునేవారు. శ్మశానం ఇక చోటు లేనంతగా నిండిపోయి ఉంది. ఈ లెక్క తెలిశాక ఎమిలీ 30 ఏళ్ళకి, ఆన్ 29 ఏళ్ళకి, షార్లెట్ 38 ఏళ్ళకి పోవడం ఆ ఇంటి ఒక్క దురదృష్టంలా కనిపించదు. ఆ ఊళ్ళో అందరి బతుకూ అంతే. ఆరుగురు పిల్లలనీ పోగొట్టుకుని 1861 దాకా బతికిన ఆ తండ్రి, ఊరి నీళ్ళ కోసం కొట్లాడిన మనిషిగా కూడా గుర్తుండాలి. మ్యూజియం ఈ సంగతులు చెబుతుంది గానీ, జనం చూపంతా సహజంగా ఆ ముగ్గురి మీదే ఉంటుంది.

ఇక ఈమ్. డార్బీషైర్‌లో, షెఫీల్డ్‌కి దగ్గర్లోని చిన్న గ్రామం. ఇక్కడ పేరున్నవాళ్ళంటే ఊరివాళ్ళే. నేను దీన్ని ఎంచుకున్నది అందుకే.

1665 వేసవి చివర లండన్ నుంచి ఒక దర్జీ ఇంటికి బట్టల మూట వచ్చింది. అందులో ప్లేగును మోసే ఫ్లీలు అనే చిన్న పురుగులు ఉన్నాయని చెబుతారు. ఆ తడిసిన బట్టలని మంట దగ్గర ఆరబెట్టిన పనివాడు జార్జ్ వికర్స్ సెప్టెంబర్ 7న చనిపోయాడు. జబ్బు చలికాలంలో కాస్త తగ్గినట్టే తగ్గి, మరుసటి ఏడు వేసవికి మళ్ళీ విజృంభించింది. 1666 జూన్‌లో ఊరి పాదిరీ విలియం మాంపెసన్ ఊరివాళ్ళని కూడగట్టి మూడు నిర్ణయాలు ముందు పెట్టాడు. ఎవరి ఇంటి శవాన్ని వాళ్ళే, వాళ్ళ స్థలంలోనే పూడ్చుకోవాలి. చర్చిలో గుమిగూడకుండా ప్రార్థన బయట లోయలో, కుటుంబానికీ కుటుంబానికీ ఎడం పాటించి జరగాలి. ఊరు దాటి ఎవరూ వెళ్ళకూడదు.

ఇంత మాట ఆయన ఒక్కడే చెబితే జనం వినేవారా? వినేవారు కాదేమో. మాంపెసన్ ముప్పై ఏళ్ళు కూడా నిండని కుర్రవాడు, ఊరికి కొత్త. జనం నమ్మిన పాదిరీ థామస్ స్టాన్లీ. కొత్త చట్టం చెప్పిన ప్రార్థనా పద్ధతికి ఒప్పుకోనందుకు 1662లో ఆయన పదవి పోయింది. ఊరు సగం ఆయన వైపే. ఒకే పీఠం విషయంలో ఎదురెదురుగా నిలబడాల్సిన ఆ ఇద్దరూ కలిసి ఊరి ముందు నిలబడ్డారు. నాకు ఈ కథలో అన్నిటికంటే పెద్ద సంగతి ఇదే. మతం పేరుతో ఆ దేశం అంతర్యుద్ధం చూసి ఇరవై ఏళ్ళయినా కాలేదని గుర్తుంచుకోండి.

ఆ మూడు నిర్ణయాల వల్లే ఈమ్‌లో చరిత్ర ఒక భవనంలో కాక ఊరంతా పరుచుకుని ఉంది. ప్రార్థనలు జరిగిన కక్లెట్ డెల్ఫ్ అనే పచ్చని లోయ ఉంది. పక్క ఊరు స్టోనీ మిడిల్టన్‌కి వెళ్ళే కాలిబాటలో పొలిమేర రాయి ఉంది. దాని మీద గుంటలు. జబ్బు అంటకుండా వాటిలో వెనిగర్ పోసి, అందులో డబ్బులు వేసి వెళ్ళిపోతే, అవతలి ఊరివాళ్ళు తిండి అక్కడ పెట్టి డబ్బులు తీసుకునేవారు. దగ్గర్లోని చాట్స్‌వర్త్ భవంతి నుంచి డెవన్‌షైర్ ప్రభువు కూడా సరుకులు పంపాడు. పొలిమేర దగ్గర అమ్మతల్లికి పొంగలి పెట్టి, జబ్బు ఊళ్ళోకి రాకూడదని మొక్కుకున్న పల్లెల నుంచి వచ్చిన మనకి ఆ రాయి దగ్గర ఎవరూ ఏమీ విడమరిచి చెప్పక్కర్లేదు. ఇక్కడివాళ్ళు మాత్రం జబ్బు ఊరు దాటి పోకూడదని ఆ గీత గీసుకున్నారు.

ఊరికి తూర్పున పొలంలో రైలీ సమాధులున్నాయి. ఎలిజబెత్ హాంకాక్ అనే రైతు ఇల్లాలు 1666 ఆగస్టులో ఎనిమిది రోజుల్లో భర్తనీ ఆరుగురు పిల్లలనీ తన చేతులతో అక్కడ పూడ్చింది. మాంపెసన్ భార్య కాథరిన్ కూడా అదే నెలలో పోయింది, ఆమె సమాధి చర్చి ఆవరణలో ఉంది. చర్చి పక్క ఇళ్ళ ముందు ఆకుపచ్చ బోర్డులున్నాయి. ఒకదాని మీద మేరీ హాడ్‌ఫీల్డ్ ఇంటి సంగతి. మొదట పోయిన వికర్స్ పనిచేసింది ఆ ఇంట్లోనే. తర్వాత ఆమె నాలుగేళ్ళ కొడుకు ఎడ్వర్డ్, పన్నెండేళ్ళ జొనాథన్, మరుసటి ఏడు ఆగస్టులో భర్త. ఆమె ఒక్కతే మిగిలింది, మొత్తం 13 మంది బంధువులు పోయారు. నేను చదివి చెబుతుంటే మా అత్తగారు "తర్వాత ఆవిణ్ణి ఎవరు చూసుకున్నారమ్మా?" అని అడిగారు. పేరున్నవాళ్ళ మ్యూజియంలో ఎవరూ ఇలా అడగడం నేను వినలేదు.

మొత్తం 260 మంది దాకా పోయారు. ఊరి జనాభా 350 అని పాత లెక్క. రికార్డులు పరిశీలించినవాళ్ళు అంతకు రెట్టింపు దాకా ఉండొచ్చంటారు. ఈ కథని విమర్శించేవాళ్ళూ ఉన్నారు, వాళ్ళ మాట కూడా చెప్పాలి. మాంపెసన్ తన పిల్లలని ముందే బయటికి పంపేశాడు. స్తోమత ఉన్న కొందరు ముందుగానే వెళ్ళిపోయారు. ఊళ్ళోనే కట్టడి చేయడం వల్ల ఎక్కువమంది పోయారనే వాదన కూడా ఉంది. త్యాగం కథకి తర్వాతి శతాబ్దాల రచయితలు రంగులద్దిన మాటా నిజమే. ఇవన్నీ ఒప్పుకున్నా నా ఎంపిక మారదు. ఎందుకంటే చర్చి రిజిస్టర్‌లో పేర్లున్నాయి, తేదీలున్నాయి, ఆ పేర్లవాళ్ళు బతికిన ఇళ్ళు ఇంకా వీధిలో ఉన్నాయి. దర్జీ, రైతు, సీసం గనిలో పనిచేసేవాడు, వాళ్ళ భార్యలు, పసిపిల్లలు: 17వ శతాబ్దపు పల్లెలో ఇంతమంది మామూలు మనుషుల పేర్లు తలచుకుంటూ నడిచే వీధి నాకు ఇంకెక్కడా తారసపడలేదు.

గోదావరి జిల్లాలవాళ్ళు డార్కింగ్ సంగతి అడుగుతారు. కాటన్ దొర చివరి రోజులు గడిపి 1899లో కన్నుమూసింది ఆ ఊళ్ళోనే, సమాధి అక్కడి శ్మశానవాటికలో ఉంది. లండన్ నుంచి రైల్లో దగ్గరే, పూలు పట్టుకుని వెళ్ళండి, పూట చాలు. కానీ ఆయన కథ చెప్పేది ధవళేశ్వరం గానీ డార్కింగ్ కాదు. సముద్రం కూడా కావాలనుకుంటే, పిల్లలకి శిలాజాల పిచ్చి ఉంటే శిలాజాలు వెలికితీసిన మేరీ ఆనింగ్ ఊరు లైమ్ రీజిస్ బాగుంటుంది, కాకపోతే దూరం.

కాబట్టి నడవలేని పెద్దవాళ్ళుంటే, కారు లేకపోతే స్ట్రాట్‌ఫర్డ్. బ్రాంటీ అక్కచెల్లెళ్ళ రచనలు చదివినవాళ్ళు వెంట ఉంటే హావర్త్. కారుండి, మైలు రెండు మైళ్ళు నడవగలిగితే ఈమ్. బస్సులు తక్కువ, తిరుగు బస్సు వేళ ముందే చూసుకోండి. మ్యూజియం చలికాలంలో మూసి ఉంటుంది కాబట్టి వేసవిలోనే పెట్టుకోండి. ముందు మ్యూజియం, తర్వాత చర్చి, ఆ పక్క ఇళ్ళు, భోజనమయ్యాక పొలిమేర రాయి, ఓపికుంటే రైలీ సమాధులు. బురద ఉంటుంది, అమ్మావాళ్ళకి చెప్పులు కాకుండా బూట్లు వేయించండి. ఆగస్టు చివరి ఆదివారం ఊరివాళ్ళు ప్లేగు జ్ఞాపకార్థం ప్రార్థన చేస్తారు, ఆ రోజు కారు పెట్టడానికి చోటు దొరకడం కష్టం. దగ్గర్లోనే కదా అని చాట్స్‌వర్త్ కూడా అదే రోజు పెట్టుకోవద్దు. దానికి విడిగా ఒక రోజు కావాలి.