జీతానికి ఆడాలా, ఊరికే ఆడాలా? 1905 నాటి ఇంగ్లండ్ ఫుట్‌బాలర్ సందిగ్ధం

ఒకవైపు జీతానికి ఆడే ప్రొఫెషనల్ స్టీవ్ బ్లూమర్, మరోవైపు ఊరికే ఆడే అమెచ్యూర్ వివియన్ వుడ్‌వర్డ్. ఇంగ్లండ్ తరఫున ఇద్దరూ 23 మ్యాచ్‌లే ఆడారు, గోల్స్ 28, 29.

డబ్బు: బ్లూమర్‌కి వారం వారం జీతం, కానీ 1901 నుంచి ఫుట్‌బాల్ అసోసియేషన్ పెట్టిన గరిష్ఠ పరిమితి వారానికి 4 పౌండ్లే. వుడ్‌వర్డ్‌కి ఆటలో జీతం లేదు, ఆర్కిటెక్ట్ పనే కూడు పెట్టింది.

స్వేచ్ఛ: నాకు అన్నిటికన్నా బాధ కలిగించేది ఇదే. అప్పట్లో ఒప్పందం ముగిసినా క్లబ్బే వదిలిపెడితే తప్ప ఆటగాడు లీగ్‌లో ఇంకో జట్టుకి వెళ్లలేకపోయేవాడు, పైగా 1906లో డెర్బీ క్లబ్బు బ్లూమర్‌ని మిడిల్స్‌బ్రోకి అమ్మితే ఆ 750 పౌండ్లు క్లబ్బుకే పోయాయి. వుడ్‌వర్డ్‌కి ఆ సంకెళ్లు లేవు.

గౌరవం: 1908, 1912 ఒలింపిక్ స్వర్ణాలు అమెచ్యూర్లకే దక్కాయి.

రిస్క్: ఆట ఆగితే బ్లూమర్ కొత్త బతుకు వెతుక్కోవాలి. 1914లో కోచ్‌గా బెర్లిన్ వెళ్లాడు, యుద్ధం రావడంతో రూలెబెన్ శిబిరంలో బందీ అయ్యాడు.

చేతిలో మంచి వృత్తి ఉంటే వుడ్‌వర్డ్ దారే మేలు. బ్లూమర్‌లా కమ్మరి ఇంట్లో పుట్టినవాడికి మాత్రం ఆ 4 పౌండ్లే సరైన ఎంపిక.