ఒకే గదికి రెండు అడ్వాన్సులు

నాంపల్లి స్టేషను దగ్గర ఒక లాడ్జి రెండు రోజుల అద్దె ₹3,200 ముందే కట్టించుకొని, మాకిచ్చిన గదినే మరొకరికి కూడా ఇచ్చిన వైనం చెప్పాలనే ఇది రాస్తున్నాను. రాజమహేంద్రవరం నుంచి రాత్రంతా రైల్లో కూర్చొని వచ్చిన పిన్నీ నేనూ ఉదయం ఏడింటికి గది తలుపు తడితే, తువాలు భుజాన వేసుకున్న యువకుడొకరు తీశారు. తండ్రికి కంటి పరీక్ష చేయించడానికి కరీంనగర్ నుంచి వచ్చారట. వారి రసీదు మీదా అదే గది నంబరు ఉంది. కౌంటర్లో ఉన్న వ్యక్తి తలైనా ఎత్తకుండా "మీలో మీరు సర్దుకోండి" అన్నాడు. మోకాళ్ల నొప్పితో గోడకు ఆనుకున్న పిన్నిని చూసి ఆ యువకుడు "ముందు ఆవిడను కూర్చోనివ్వండి, మేము వేరే చోటు చూసుకుంటాం" అని సంచులు సర్దేశారు. ఆయన కట్టిన ₹1,600 తిరిగివ్వనంటే నాకు ఆగ్రహం వచ్చి, రెండు రసీదులూ బల్ల మీద పెట్టి, నలభై నిమిషాలు నిలబడి ఇప్పించాను. గది చూసి, తాళంచెవి చేతికి వచ్చాకే డబ్బు కట్టండి.

ఆ రోజు చార్మినార్ చూశాం. లాడ్ బజారులో పిన్ని ₹350కి లక్క గాజులు కొన్నది.

మరునాడు సాలార్‌జంగ్ మ్యూజియానికి వెళ్లాం. అక్కడి గడియారంలో గంటగంటకూ గడ్డం ఉన్న చిన్న బొమ్మ బయటికి వచ్చి గంట కొడుతుంది. పన్నెండు దెబ్బలూ వినాలని మధ్యాహ్నం చేరేసరికి కూర్చోవడానికి చోటే లేదు. ముందు వరుసలో ఒకరు లేచి పిన్నికి చోటిచ్చారు. ఆయనే! పక్కన తండ్రిగారు. చివరి దెబ్బకు ఇద్దరం ఒకేసారి "పన్నెండు" అన్నాం. ఆ తరువాత ముసుగు వేసుకున్న రెబెకా విగ్రహం ముందు, పాలరాతిలో అంత పలుచని వస్త్రాన్ని ఎలా చెక్కారా అని మాట్లాడుకుంటూ ఎంతసేపు నిలబడ్డామో తెలియలేదు. ఈ నగరంలో ఒక్కటే చూడగలిగే వీలుంటే ఈ మ్యూజియమే చూడండి. శుక్రవారం మాత్రం సెలవు.

బయట నాలుగు ఇరానీ చాయ్‌లు, ఉస్మానియా బిస్కెట్లు కలిపి ₹140 అయ్యాయి. నన్ను ఇవ్వనీయక, "మీరు ఇప్పించిన డబ్బే కదండీ" అన్నారు. పొద్దుటి నుంచీ నొప్పులంటూ విసుక్కున్న పిన్ని, ఆయన తండ్రిగారితో గంటసేపు ఊళ్ల కబుర్లు చెప్పింది.

తిరుగు రైల్లో పిన్ని నా చేతిలో మా లాడ్జి రసీదు పెట్టింది. దాని వెనుక ఆయన ఫోన్ నంబరు ఉంది. అడిగి రాయించుకున్నది పిన్నే. క్షేమంగా చేరామని చెప్పడానికి తెల్లవారగానే నేనే ఫోన్ చేశాను.