గోల్డ్ ఫిష్‌కు గాజు తొట్టా, వాకిట్లో సిమెంటు తొట్టా?

గుండ్రటి గాజు గిన్నెను అసలు లెక్కలోకి తీసుకోవడం లేదు. కొద్దిపాటి నీటిలో చేప వదిలే అమ్మోనియా త్వరగా విషమవుతుంది.

చోటు: 3 అడుగుల పొడవు, అడుగు వెడల్పు, అడుగు ఎత్తున్న గాజు తొట్టిలో సుమారు 85 లీటర్లు పడతాయి. రెండు చేపలకు మించి వద్దు. సిమెంటు తొట్టి ఎంత పెద్దదైనా కట్టించుకోవచ్చు.

ఖర్చు: గాజుకు ఫిల్టరు, స్టాండు, కరెంటు. సిమెంటుకు కాసిన్ని నీటిమొక్కలు, పైన వల.

శ్రమ: గాజు తొట్టిలో వారం వారం పావు వంతు నీరు మార్చాలి. కొత్త సిమెంటు సున్నం వదులుతుంది. కొన్ని వారాలు నీరు నింపి పారబోశాకే చేపలను వేయాలి. ఆగలేనివారే ఎక్కువ!

ఎండ: అసలు పరీక్ష ఇదే. నల్లగొండ, మహబూబ్‌నగర్‌లలో వేసవి 40 డిగ్రీలు దాటుతుంది, నీరు వేడెక్కేకొద్దీ అందులో ప్రాణవాయువు తగ్గుతుంది. వేపచెట్టు నీడ లేని వాకిట్లో సిమెంటు తొట్టి వద్దే వద్దు. ఇంట్లో కరెంటు పోతే ఫిల్టరు ఆగుతుంది, అదీ చిక్కే.

అద్దె ఇల్లయినా, రెండు తోకల ఒరాండా రకం చేప అయినా గాజు తొట్టి. సొంతిల్లు, నీడ ఉండి, పొడవుగా పెరిగే కామెట్ రకమైతే సిమెంటు తొట్టి. దోమ పిల్లలనూ అవే తినేస్తాయి.